గూడు కట్టే రోజులు

నంజుండప్ప తన సాక్ష్యాన్ని రైల్లో తెచ్చుకున్నాడు. అది మనిషెత్తు వెదురు చట్రం. పట్టుపురుగులు గూళ్లు కట్టేందుకు రైతులు వాడే చంద్రిక. దాన్ని పాత దుప్పట్లో చుట్టి, హిందూపురం నుంచి హైకోర్టు దాకా జబ్బు మనిషిని తీసుకొచ్చినట్టు ఒంటికి ఆనించుకునే వచ్చాడు.

దుప్పటి విప్పగానే హాల్లో మాటలు ఆగిపోయాయి. చట్రం నిండా తెల్లటి గూళ్లు ఉండాలి. ఒక్కటీ లేదు. వెదురు పట్టీల మీద పట్టుదారం పల్చటి మీగడలా పరుచుకుని ఉంది. ఆ మీగడకు అతుక్కుని ఎండిపోయిన పురుగులు.

“పురుగు గూడు కట్టేది మర్చిపోయిందమ్మా,” అన్నాడు నంజుండప్ప న్యాయమూర్తితో. “నోట్లోంచి దారం వస్తాండాది. యాడ తిప్పల్లో దానికి తెలీడంలే. ఆ టవరు లేచినప్పట్నుంచీ ఏటేటా ఎక్కువైతా, ఇప్పుడు మా రంగనహళ్లిలో ఏ షెడ్డు చూసినా ఇదే కత. వద్దని గ్రామసభలో చేతులెత్తినాం. వినలే. అడ్డం పడుకున్నాం. పోలీసులొచ్చి ఎత్తి పక్కన పెట్టినారు. ఇంగ మిమ్మల్నే అడగల్ల.”

కంపెనీ తరఫు వకీలు లేచాడు. టవరు వెదజల్లే తరంగాలు అనుమతించిన హద్దుకు చాలా లోపలే ఉన్నాయన్నాడు. ఊరివాళ్ల భయాన్ని చూసి టవర్లు ఆపుకుంటూ పోతే దేశంలో ఒక్క ఫోనూ మోగదన్నాడు. టవరు వల్ల ఏ ప్రాణికీ హాని లేదని దాన్ని తయారుచేసిన శాస్త్రవేత్తే ప్రమాణపత్రం ఇచ్చారనీ, ఆమె ఈ హాల్లోనే ఉన్నారనీ చెప్పాడు.

న్యాయమూర్తి ఆ శాస్త్రవేత్తను ముందుకు పిలిచింది. హంసవేణి వచ్చి నిలబడింది. నలభై దాటిన మనిషి. కంపెనీ బెంగళూరు ప్రయోగశాలలో పదిహేనేళ్లుగా పనిచేస్తోంది.

“ఇది మామూలు ఫోన్ల టవరు కాదంటున్నారు. ఏం చేస్తుంది?”

“ఫోన్లకూ పనికొస్తుందమ్మా. కానీ మేం పెట్టింది మూర్ఛ రోగుల కోసం. మందులకు లొంగని మూర్ఛ కొందరికి ఉంటుంది. వాళ్ల తలలో బియ్యపుగింజంత పరికరం పెడతాం. దాన్ని ‘వేగు’ అంటాం. మూర్ఛ బయలుదేరేముందు మెదడులో చిన్న అలజడి లేస్తుంది. వేగు ఆ సంగతి టవరుకు చేరవేస్తుంది. టవరు ఎదురు తరంగం విసురుతుంది. అలజడి పుట్టినచోటే అణిగిపోతుంది. ఇదంతా రెప్పపాటులో జరగాలి. అందుకే టవరు దగ్గర్లో ఉండాలి. హిందూపురం చుట్టుపక్కల ముప్పై మందికి పైగా దీని నీడలో బతుకుతున్నారు.”

“ఈ కేసులో మీకు సొంత ఆసక్తి ఏమైనా ఉందా?”

“మా తమ్ముడి తలలో వేగు ఉందమ్మా.”

న్యాయమూర్తి చంద్రిక వైపు మళ్లీ చూసింది. “ఊరివాళ్ల భయం సాక్ష్యం కాదని వకీలు గారు అంటున్నారు. ఒప్పుకుంటాను. కానీ ఈ చట్రం మీద ఉన్నది భయం కాదు కదా.” ఆమె ఉత్తర్వు చిన్నది. ఒక పంట టవరు నడుస్తుండగా తీయాలి. తర్వాతి పంట గూడు కట్టేటప్పుడు టవరు ఆపాలి. ఆ రోజుల్లో రోగులందర్నీ కంపెనీయే ఆస్పత్రిలో పెట్టి చూసుకోవాలి. పట్టు పరిశ్రమ తెలిసిన అధికారి ఒకరు రెండు పంటల గూళ్లూ తూచి రాసివ్వాలి. టవరుకూ పురుగుకూ సంబంధం ఉందో లేదో హంసవేణి దగ్గరుండి చూసి కోర్టుకు చెప్పాలి.

*

హంసవేణి తమ్ముడు ప్రహ్లాదకు రంగనహళ్లి సెంటర్లోనే టైలరింగు అంగడి ఉంది. హంసవేణి వెళ్లేసరికి ఎవరిదో పిల్ల లంగాకు అంచు కుడుతున్నాడు. భార్య మంజుల గుండీలు కుట్టిపెడుతోంది. వాళ్ల రెండేళ్ల పాప గుడ్డముక్కల కుప్పలో కూర్చుని ఆడుకుంటోంది.

“అంటే నన్ను ఆపేస్తారన్నమాట,” అన్నాడు ప్రహ్లాద, విషయం విని.

“నిన్ను కాదురా. టవరును. గూడు కట్టే మూడు దినాలే.”

“రెండూ ఒకటే గదక్కా.”

ఆమె ఒళ్లో పలక లాంటి తెర ఉంది. తమ్ముడి మెదడు గీత దాని మీద సన్నగా కదులుతోంది. మాట్లాడుతుండగానే ఆ గీత ఉన్నట్టుండి వణికింది, నిలువునా లేచింది, అంతలోనే చదునైపోయింది.

“ఇప్పుడే ఒకటి వచ్చి పోయింది,” అంది హంసవేణి.

“ఔనా? కుట్టు కూడా వంకర పోలే చూడు.” అంచు ఎత్తి చూపించి నవ్వాడు.

అతని ఎడమ చెంప నుంచి మెడ దాకా కాలిన మచ్చ ఉంది. పన్నెండేళ్ల వయసులో మూర్ఛ వచ్చి పొయ్యి మీద పడ్డాడు. ఆ తర్వాత వాళ్లమ్మ అతన్ని నీళ్ల దగ్గరికీ నిప్పు దగ్గరికీ పోనివ్వలేదు. నిద్రలో వస్తే తెలియాలని తన కొంగు అతని మణికట్టుకు కట్టుకుని పడుకునేది. బడి లేదు, ఆట లేదు, పెళ్లి మాట అసలే లేదు. వేగు పెట్టాక ఇరవై ఆరేళ్లకు సైకిలు నేర్చుకున్నాడు. మిషను నేర్చుకున్నాడు. మంజుల అతన్ని చేసుకుంటానంది. పాప పుట్టినప్పుడు తన చేతుల్లోకి తీసుకోవడానికి రెండు దినాలు భయపడ్డాడు. ఇప్పుడు పొద్దున్నే పాపను భుజాల మీద ఎక్కించుకుని అంగడి తెరవడానికి వస్తాడు.

“ఊళ్లో గిరాకీ తగ్గింది వదినా,” అంది మంజుల. “టవరోళ్ల తమ్ముడని మొగం తిప్పుకుంటాండారు.”

*

మొదటి పంట పురుగులు పండే వేళకు హంసవేణి నంజుండప్ప షెడ్డుకు చేరింది. పండిన పురుగులు మేత మానేసి, ఒళ్లు పసుపురంగుకు తిరిగి, తలలెత్తి చూస్తున్నాయి. నంజుండప్ప భార్య అక్కులమ్మ వాటిని ఏరి చంద్రికల మీద వేస్తోంది. ఆమె హంసవేణితో మాట్లాడలేదు. నీళ్లు కావాలా అని కూడా అడగలేదు.

పట్టుపురుగు గూడు కట్టేటప్పుడు తలను ఎనిమిది అంకె ఆకారంలో తిప్పుతుంది. అదే తిప్పుడు, అదే కొలత, గూడు మూసుకునేదాకా. వేలకొద్దీ చిన్న తలలు అలా ఊగుతుంటే షెడ్డంతా సన్నటి వాన పడుతున్నట్టు చప్పుడు. హంసవేణి ఒక చంద్రిక ముందు కుర్చీ వేసుకుని కూర్చుంది.

ఉన్నట్టుండి ఆ చప్పుడు ఆగిపోయింది.

తలలన్నీ గాలిలో నిలిచిపోయాయి. ఎవరో ‘ఆగండి’ అన్నట్టు, అన్నీ ఒకేసారి. తర్వాత మెల్లగా కదిలాయి కానీ వదిలిన చోటు వాటికి దొరకలేదు. ఒక్కొక్కటీ పక్కకు జరిగి, మరోచోట కొత్త తిప్పుడు మొదలుపెట్టింది.

హంసవేణి ఒళ్లోని తెర చూసింది. ఆ క్షణమే ప్రహ్లాద గీత లేచి, చదునైంది.

ఆమె తెర మీదికి మిగతా రోగుల గీతలూ తెచ్చుకుంది. ఇంకా చూసింది. చిలమత్తూరు దగ్గరి ఒక ముసలమ్మకు అలజడి లేచింది, అణిగింది. పురుగులు ఆగాయి. డిగ్రీ చదివే ఒకమ్మాయికి లేచింది, అణిగింది. పురుగులు ఆగాయి. మనుషుల తలల్లో గతి తప్పిన లయను ఆపడానికి ఆమె తయారుచేసిన తరంగం, పురుగు తలలోని సరైన లయనూ ఆపుతోంది. దానికి తేడా తెలియదు.

“ఏమైంది తల్లీ? మొగం అట్ల పాలిపోయింది?” అన్నాడు నంజుండప్ప వెనక నుంచి.

“ఏం లేదన్నా.”

“నాకు తెలుసులే. అవి నిలబడేది నువ్వూ చూసినావు. నేను చెప్తే కంపెనీ పిల్లోళ్లు నవ్వినారు.” అతని గొంతులో గెలుపేమీ లేదు. “నీ తమ్మునికి ఫిట్సు వస్తే ఆస్పత్రి ఉండాది. నా పురుగును యాడికి ఎత్తుకపోదును?”

ఆ పంటలో ఒక్క బుట్ట గూళ్లు కూడా రాలేదు. పరుచుకున్న పట్టును అక్కులమ్మ చేత్తో పీకి, పురుగులతో సహా దిబ్బలో పోసింది.

హంసవేణి ప్రయోగశాలకు వెళ్లి తరంగం స్వరూపాన్ని మార్చి చూసింది. బలం తగ్గించింది, వేగం మార్చింది, ముక్కలు చేసి పంపింది. పెట్టెలో తెచ్చిపెట్టుకున్న పురుగులు గూడు కట్టిన ప్రతిసారీ, పక్క తెర మీద నమూనా మెదడులోని మూర్ఛ గీత ఆగకుండా పైకి ఎగబాకింది. గీత అణిగిన ప్రతిసారీ పురుగులు ఆగాయి. రెండూ బతికే చోటు కోసం వెతికి వెతికి, రెండో పంటకు టైమైందని ఫోను వస్తే లేచింది.

*

టవరు ఆపే ముందు ప్రహ్లాదనూ మిగతావాళ్లనూ హిందూపురం శివార్లలోని ప్రైవేటు ఆస్పత్రిలో చేర్చారు. పాత మందులు మళ్లీ మొదలుపెట్టారు. ప్రహ్లాద మంచం మీద కూర్చుని, మంచం కడ్డీలకు దిండ్లు కడుతున్న నర్సును చూస్తూ ఉండిపోయాడు. హంసవేణి తమ్ముడి తల నిమిరి షెడ్డుకు బయల్దేరింది. కోర్టు ఉత్తర్వు ప్రకారం ఆమె అక్కడ ఉండాలి.

ఈసారి షెడ్డులో ఆ వానచప్పుడు ఒక్కసారి కూడా ఆగలేదు. పురుగుల చుట్టూ మొదట పొగలాంటి తెర, తర్వాత పొర, తర్వాత గట్టి గోడ. మూడో రోజు పొద్దునకల్లా చంద్రికలు తెల్లగా, గుండ్రంగా నిండిపోయాయి. అక్కులమ్మ ఒక గూడు పీకి, చెవి దగ్గర ఆడించి, లోపల పురుగు కదిలిన చప్పుడు విని ఏడ్చేసింది. ఇన్నాళ్లూ పలకరించని మనిషి, ఆ గూడును హంసవేణి అరచేతిలో పెట్టి వేళ్లు మూసింది.

“చూడమ్మా, ఎంత గట్టిగా ఉండాదో.”

అప్పుడే ఫోను మోగింది. మంజుల.

“వదినా, రా. ఒకటి పోకముందే ఇంకొకటి వస్తాండాది. కండ్లు తెరవడంలే.”

టవరు మళ్లీ ఆన్ చేసి పెట్టాకే అది ఆగింది. ప్రహ్లాద బతికాడు. కానీ కుడిచేయి మాట వినడం మానేసింది. సూదిలో దారం ఎక్కించబోతే సూది ఎక్కడుందో చేతికి తెలియడం లేదు. మాట కూడా మెల్లబడింది.

ప్రయోగశాల డైరెక్టరు కృష్ణస్వామి హంసవేణిని గదిలోకి పిలిచి తలుపు వేశాడు. “రెండు పంటల మధ్య వాన పడింది. తేమ మారింది, ఆకు మారింది. ఇన్ని మారినప్పుడు టవరే కారణమని తేల్చి చెప్పలేం. అలాగే రాయండి. అది అబద్ధం కాదు.”

“పురుగులు ఆగడం నేను కళ్లారా చూశాను సార్.”

“మీ తమ్ముణ్ణి కూడా చూశారు కదా?”

ఆస్పత్రిలో ప్రహ్లాద ఆమె కోసం ఎదురుచూస్తున్నాడు. మంజుల పాపను తీసుకుని బయటికి వెళ్లింది. ఏం అడగాలో ముందే మాట్లాడుకున్నారని హంసవేణికి అర్థమైంది.

“అక్కా, అబద్ధం చెప్పు.”

ఆమె అతని మంచం పక్కన కూర్చుంది.

“నేనెప్పుడూ నిన్ను ఏదీ అడగలేదు. అమ్మ నన్ను కట్టేసుకుని పడుకున్నప్పుడు కూడా నువ్వు చదువుకునేదానికి పోతే పోనిచ్చినా. ఇదొక్కటి చెప్పు. పురుగులు గొప్పా, నేను గొప్పా?”

“పురుగులు కాదురా. వాటిమీద బతికే ఊరు.”

“నేనూ ఆ ఊళ్లోనే గదక్కా అంగడి పెట్టుకుండేది? నేనూ ఊరే గదా?”

హంసవేణి అతని కుడిచేతిని తన రెండు చేతుల్లోకి తీసుకుంది. “సరే,” అంది. “చెప్తా.”

*

నిజంగానే అబద్ధం చెప్పాలనే వెళ్లింది. ‘తేల్చి చెప్పలేం’ అన్న మాట దారిపొడుగునా మనసులో అనుకుంటూనే ఉంది. బోనులో నిలబడ్డాక న్యాయమూర్తి తేమ గురించి అడగలేదు, ఆకు గురించి అడగలేదు.

“టవరు తరంగం విసిరినప్పుడు పురుగులు ఆగడం మీరు చూశారా?”

హాల్లో మొదటి వరసలో మంజుల ఉంది. రెండో వరసలో నంజుండప్ప. హంసవేణి నోరు తెరిచింది. అనుకున్న మాట రాలేదు.

“చూశానమ్మా.”

“ప్రతిసారీనా?”

“ప్రతిసారీ.”

మంజుల లేచి బయటికి వెళ్లిపోయింది. ఆమె చెప్పుల చప్పుడు వరండా చివరిదాకా వినిపించింది.

కంపెనీ వకీలు చల్లగా లేచాడు. సొంత శాస్త్రవేత్తే ఇలా అన్నాక కంపెనీ వాదించేదేమీ లేదనీ, టవరు తీసేయడానికి సిద్ధమనీ చెప్పాడు. అతని తొందర ఎందుకో హంసవేణికి అర్థమైంది. ఫోన్లతో వచ్చే లాభం ఎక్కడైనా వస్తుంది. ముప్పై మంది రోగుల కోసం కోర్టుల చుట్టూ తిరగడం వాళ్లకు బరువు. వాళ్లు దిగిపోవడానికి తన నోటితోనే మెట్టు వేసింది.

“అమ్మా, నేను నిజం చెప్పాను. దాన్ని తీసేయమని అడగలేదు!” హంసవేణి న్యాయమూర్తికి రెండు చేతులూ జోడించింది. “పురుగుకు టవరు అడ్డమయ్యేది గూడు కట్టే మూడు రోజులే. చుట్టుపక్కల ఊళ్లన్నీ పురుగులను ఒకేసారి తెచ్చుకుంటే అన్నీ ఒకేసారి గూడు కడతాయి. ఆ మూడు రోజులూ రోగులను ఆస్పత్రిలో పెట్టి టవరు ఆపుతాను. మిగతా రోజులు మావాళ్లను బతకనివ్వండి.”

న్యాయమూర్తి నంజుండప్ప వైపు చూసింది.

“అందరం ఒకే దినం గూళ్లు దించితే మార్కెట్లో రేటు పడిపోతాదమ్మా,” అన్నాడు అతను. తల గోక్కున్నాడు. “అయినా దిబ్బలో పోసేదానికన్నా మేలే. ఒకతూరి చూస్తాం.”

ఉత్తర్వు అలాగే వచ్చింది. టవరు ఆపడం, మళ్లీ పెట్టడం హంసవేణి బాధ్యత. అయితే ప్రతి షెడ్డు యజమానీ ఒప్పుకున్నాకే మళ్లీ పెట్టాలి. ఒక్కరు కాదన్నా పెట్టకూడదు.

*

మొదటి ఉమ్మడి పంటకు తుపాను ముసురు పట్టింది. చలికి కొన్ని షెడ్లలో పురుగులు వెనకబడ్డాయి. పల్లంలో ఉన్న నంజుండప్ప షెడ్డు అన్నిటికన్నా వెనక. మిగతా ఊళ్లన్నీ గూళ్లు దించి ‘ఇంక పెట్టుకోండి’ అని కబురు పంపిన పొద్దున, అతని పురుగులు చుట్టూ పొర వేసుకోవడం అప్పుడే మొదలుపెట్టాయి.

ఆస్పత్రి నుంచి డాక్టరు ఫోను చేశాడు. ప్రహ్లాదకు తెల్లవారినప్పట్నుంచీ మూర్ఛ ఆగడం లేదు. ఇవ్వగలిగిన మందులన్నీ ఇచ్చారు. “మధ్యాహ్నం దాకా కూడా ప్రాణం ఆగదు మేడమ్. ఆ టవరు పెట్టగలిగితే పెట్టండి.”

హంసవేణి షెడ్డుకు పరుగెత్తింది. నంజుండప్ప గుమ్మంలో నిలబడి ఉన్నాడు. ఎందుకొచ్చిందో మొహం చూడగానే తెలిసినట్టుంది.

“ఒక్క దినం తల్లీ. రేపు ఈ పొద్దుకు పెట్టుకో.”

“రేపటికి వాడుండడన్నా.”

“అట్లనొద్దు.”

“డాక్టరు చెప్పినాడు. మధ్యాహ్నం దాకా కూడా ఉండడంట.”

అతను లోపలికి చూశాడు. పల్చటి పొరల్లో కదులుతున్న తలలు. అక్కులమ్మ చంద్రికల మధ్య చేతులు కట్టుకుని నిలబడి ఉంది.

“ఎన్ని పంటలు దిబ్బలో పోసినానో నీకు తెలుసు,” అన్నాడు. “ఇది కూడా పోతే ఆ మల్బరీ తోట పెరికేసి ఊరిడ్చి పోయేదే. నా చేత్తో నేను పెట్టమని ఎట్ల చెప్పల్ల? నీ కాళ్లు పట్టుకుంటా తల్లీ, నన్ను అడగొద్దు.”

“కాదంటావా?”

“కాదు.” అతని కళ్లలో నీళ్లు తిరిగాయి. “సమ్మతి ఇయ్యను.”

హంసవేణి వెనక్కి తిరిగి పొలంగట్టు మీద టవరు వైపు నడిచింది. నడక పరుగైంది. నంజుండప్ప వెంట రాలేదు. గట్టిగా పిలవను కూడా లేదు. టవరు కింది గది తాళం తీసి, లోపలికి వెళ్లి, యంత్రం ఆన్ చేసింది.

ఆస్పత్రిలో ఉన్న ముప్పై తలల అలజడులూ ఒకదాని మీద ఒకటి వచ్చిపడ్డాయి. టవరు ఊపిరి తీసుకోకుండా తరంగాలు విసిరింది. తెర మీద తమ్ముడి గీత పైకెగిరి, పైకెగిరి, చివరికి వాలిపోయింది. హంసవేణి గోడకు ఆనుకుని నేల మీద కూలబడింది. షెడ్డు వైపు నుంచి ఒక కేక వినిపించింది. అది అక్కులమ్మది.

*

కోర్టు ధిక్కారం కేసు నంజుండప్ప వేయలేదు. పక్క ఊళ్ల రైతుసంఘం వేసింది. ఈరోజు ఒక షెడ్డు, రేపు ఎవరిదైనా కావచ్చని వాళ్ల వాదన. అందులో అబద్ధం ఏమీ లేదు.

విచారణకు ముందు హంసవేణి వకీలు వరండాలో నంజుండప్పను పట్టుకున్నాడు. సమ్మతి ఇచ్చానని ఒక్క మాట అంటే చాలు, ఆమె బయటపడుతుంది, టవరూ నిలుస్తుందని బతిమాలాడు. నంజుండప్ప నేల చూస్తూ విన్నాడు. మంజుల కూడా వచ్చింది. ఆమె ఏమీ అడగకుండా పాపను చంకనెత్తుకుని అతనికి ఎదురుగా నిలబడింది.

“ఆ రోజు టవరు పెట్టమని మీరు ఒప్పుకున్నారా?” న్యాయమూర్తి అడిగింది.

నంజుండప్ప భుజం మీది తువ్వాలు తీసి చేత పట్టుకున్నాడు. హంసవేణి వైపు చూశాడు. ఆమె తల దించుకోలేదు.

“లేదమ్మా. ఒప్పుకోలేదు.”

హాల్లో ఎవరో నిట్టూర్చారు.

“ఒప్పుకున్నానని చెప్పమని అడిగినారు. చెబ్దామనే వచ్చినా.” అతను హంసవేణి వైపు చెయ్యి చూపించాడు. “కానీ ఆయమ్మ ఇదే బోన్లో నిలబడి, తమ్ముడు ఆస్పత్రిలో ఉన్నా మా పురుగుల సంగతి ఉన్నదున్నట్టు చెప్పింది. ఆ మాట మీదనే నాకు న్యాయం జరిగింది. అట్లాంటి మనిషి ముందర నేనెట్ల అబద్ధం చెప్పల్ల? ఆయమ్మ నన్ను అడిగింది. నేను కాదన్నా. ఆయమ్మ పెట్టింది. నేను ఆయమ్మ జాగాలో ఉన్నా పెడుదును. ఆయమ్మ నా జాగాలో ఉన్నా కాదనును. అంతే తల్లీ. ఇంతకన్నా నాకు తెలీదు.”

న్యాయమూర్తి కళ్లజోడు తీసి బల్లమీద పెట్టింది. తీర్పు చదివేటప్పుడు రెండుసార్లు ఆగి మంచినీళ్లు తాగింది. హంసవేణికి శిక్ష, కోర్టు లేచేదాకా హాల్లో నిలబడి ఉండటం. ఏర్పాటు నిలబడలేదు కాబట్టి టవరును తీసేయాలి. రోగులకు వేరేచోట టవరు చూపించమని ప్రభుత్వానికి సూచన. ఎక్కడో, ఎప్పటిలోగానో తీర్పులో లేదు. ఉండే అవకాశం కూడా లేదు. రంగనహళ్లి సంగతి తెలిసి, కంపెనీ టవరు పెడతానన్న మిగతా ఊళ్లన్నీ అప్పటికే కోర్టుకెక్కాయి.

హంసవేణి సాయంత్రం దాకా గోడపక్కన నిలబడింది. శిక్ష పూర్తయింది, వెళ్లవచ్చని బంట్రోతు వచ్చి చెప్పినా కాసేపటిదాకా కదల్లేదు.

*

టవరు విప్పే రోజు ప్రహ్లాద చూడటానికి పోతానన్నాడు. యంత్రం ముందురోజే ఆపేశారు. మందులతో అతని మొహం వాచి ఉంది. మంజుల వద్దంది. హంసవేణి వద్దంది. వినలేదు.

గట్టు మీద ప్లాస్టిక్ కుర్చీ వేశారు. పడిపోకుండా మంజుల ఒక పాత చీర మడతపెట్టి అతని నడుముకూ కుర్చీకీ కలిపి చుట్టింది. పాపను అతని ఒళ్లోకి ఇవ్వలేదు. అది చేతులు చాచి ఏడుస్తుంటే ఎత్తుకుని దూరంగా పోయింది. ప్రహ్లాద అటు చూడకుండా టవరు వైపు తల తిప్పుకున్నాడు.

హంసవేణి కుర్చీకి ఎడమపక్కన నిలబడి ఉంది. తీర్పు వచ్చిన దగ్గర్నుంచీ తమ్ముడు ఆమెతో మాట్లాడలేదు. ఆమె కూడా మాట్లాడమని అడగలేదు.

పనివాళ్లు పైకెక్కుతుండగా, తోట దిక్కునుంచి నంజుండప్ప వచ్చాడు. ఊళ్లో ఇంకెవరూ రాలేదు. అతను హంసవేణిని చూసి తలూపాడు. ప్రహ్లాద కుర్చీ ముందు కాసేపు నిలబడ్డాడు.

ప్రహ్లాద కుడిచేయి ఒళ్లో వాలి ఉంది. ఒళ్లంతా ఆ వైపుకే ఒరిగి, చీరకట్టు బిగిసి ఉంది. అటుపక్క గట్టు రాళ్లు. నంజుండప్ప ఆ రాళ్లను కాలితో పక్కకు తోశాడు. భుజం మీది తువ్వాలు దులిపి పరిచి, కుర్చీని ఆనుకుని, అటుపక్కనే నేలమీద కూర్చున్నాడు.

“ఏల ఇక్కడ?” అన్నాడు ప్రహ్లాద మెల్లగా, మాట కూడదీసుకుని.

“ఫిట్సు వస్తే ఇటే గదా పడతావు,” అన్నాడు నంజుండప్ప. “పడితే నా మీద పడప్పా.”

ప్రహ్లాద అతన్ని లేచి పొమ్మనలేదు. పైన పనివాళ్లు మొదటి ముక్క విప్పి, తాడుకు కట్టి మెల్లగా కిందికి వదులుతుంటే ఇద్దరూ తలెత్తి చూస్తూ కూర్చున్నారు.